కంచె పైరును పండింపదు

మోటారుకారును సామాన్యుని యింటి ముంగిటికి తెచ్చు విద్యను లోకమునకు నేర్పిన దేశము అమెరికా. ఆ దేశమే 2025వ సంవత్సరము ఏప్రిల్ 3వ తేదీనుండి పరదేశముల కార్లపై నూటికి 25 వంతుల సుంకము విధించినది. నెల తిరిగినంతనే కారు భాగములపైనను ఆ సుంకము వేసినది. తరువాత జపాను మొదలగు దేశములతో ఒడంబడికలు కుదిరి కొన్నింటికి 15 వంతులకు తగ్గించిరి గాని, గోడను మాత్రము తొలగింపలేదు. అంతకు ముందటి యేడు, 2024లో, చైనాలో తయారైన విద్యుచ్ఛక్తి కార్లపై నూటికి నూరు వంతుల సుంకము పడినది. 2024 నాటి సుంకము బైడెనుగారిది. 2025 నాటిది ట్రంపుగారిది. పెక్కు విషయములందు ఉప్పు నిప్పుగానుండు రెండు రాజకీయ పక్షములును ఈ యొక్కదానియందు ఏకమైనవి. శిష్యులకు వెఱచి గురువు తలుపు గడియ వేసికొన్నట్లున్నది.

స్వదేశ పరిశ్రమలయందు అభిమానముగల మనవారిలో పెక్కురు ఈ వార్త విని, “ఇందులో తప్పేమున్నది? ఎవరి యింటిని వారు కాపాడుకొనవలదా?” యని యడుగుదురు. ఆ ప్రశ్న న్యాయమైనదే. లేత మొక్కకు కంచె కావలయుననుటను మేము కాదనము. విదేశవస్త్రముల వెల్లువలో మన నేతగాండ్ర మగ్గములు మూలబడిన కథను మఱచినవారము కాము. కాని కంచె వేయుట యొక పని, చేను దున్నుట మఱియొక పని. కంచె వేసినవాడు ఆపైని దుక్కి దున్నెనా, లేక గట్టుమీద నిద్రించెనా యనునదే విచారింపవలసిన విషయము. ఈ విచారణకు అమెరికా మోటారు పరిశ్రమ చరిత్ర గట్టి సాక్ష్యము.

హెన్రీ ఫోర్డు తన ‘మోడల్ టి’ కారును 1908లో అమ్మకమునకు పెట్టినపుడు దాని వెల 850 డాలరులు. 1913లో డెట్రాయిటు చెంతనున్న హైలాండు పార్కు కర్మాగారమున ఆయన కదలెడి వరుసను ఏర్పరచెను. పనివాడు బండియొద్దకు పోవుటకు మారుగా బండియే పనివాని యొద్దకు వచ్చును. ఒక్కొక్కడు ఒక్కొక్క బిగింపు చేయును. పండ్రెండు గంటలకు పైగా పట్టెడి కూర్పు ఒకటిన్నర గంటకు దిగినది. 1914 జనవరిలో ఆయన దినమునకు 5 డాలరుల కూలి ప్రకటించెను. అది నాటి కూలికి ఇంచుమించు రెట్టింపు. వెల ఏటేట తగ్గి 1925 నాటికి 260 డాలరులకు వచ్చినది. 1927లో ఆ నమూనా నిలిచిపోవునప్పటికి కోటిన్నర బండ్లు తయారైనవి. వెల తగ్గుట, కూలి పెరుగుట, పనితనము హెచ్చుట: ఈ మూడును ఒక్కచోట కలిసినవి. ఆ పరిశ్రమ బలమంతయు ఈ కలయికలోనే యుండెను.

యజమానులు దయతో అంతయు ఇచ్చిరని చెప్పుటకు వీలులేదు. 1936 డిసెంబరు 30వ తేదీన ఫ్లింటు పట్టణమున జనరల్ మోటార్సు పనివారు కర్మాగారములలోనే కూర్చుండి సమ్మె సాగించి, 44 దినములకు తమ సంఘమునకు గుర్తింపు సంపాదించుకొనిరి. ఆ గెలుపు ఫలముగా తరువాతి తరమున మోటారు పనివానికి సొంత యిల్లు, పిల్లల చదువు, ముసలితనమున పింఛను సమకూడినవి. 1950 నాటికి ప్రపంచమున తయారగు మోటారు బండ్లలో నాలుగింట మూడు వంతులు అమెరికావే. ఆ యేటి జనాభా లెక్కలలో డెట్రాయిటు నగరవాసులు 18 లక్షల 49 వేలు.

కూర్చుండి తినిన కొండలైనను కరుగును. జనరల్ మోటార్సు, ఫోర్డు, క్రైస్లరు అను మూడు కంపెనీలు దేశపు విపణిని పంచుకొని, పెద్ద బండి, పెద్ద ఇంజను, ఏటికొక క్రొత్త రూపు, ఇదియే వ్యాపారమని తలంచినవి. 1973లో అరబ్బు దేశములు చమురు నిలుపగా కారు కొనువాడు మైలుకెంత పెట్రోలు అని లెక్కింప మొదలిడెను. 1979లో చమురు ధర మరల మండినది. చిన్న కారును చక్కగా చేయనేర్చిన జపానువారు అప్పటికే వాకిట నిలిచియుండిరి. క్రైస్లరు కంపెనీ దివాలా యంచుకు చేరగా, 150 కోట్ల డాలరుల అప్పులకు ప్రభుత్వమే పూటపడుటకు 1980 జనవరిలో చట్టమైనది. 1981లో జపాను “స్వచ్ఛందముగా” తన ఎగుమతులను ఏటికి 16 లక్షల 80 వేల కార్లకు పరిమితము చేసికొన్నది. ఆ స్వేచ్ఛ ఎట్టిదో చదువరులు ఊహింపగలరు.

ఈ నిర్బంధమువలన కలిగినదేమి? క్రైస్లరు తన అప్పును 1983లోనే, గడువునకు ముందే, తీర్చుకొన్నది. ఇది చెప్పకుండుట న్యాయము కాదు. కాని కార్ల కొఱత యేర్పడుటచే వెలలు పెరిగి, ఆ భారము కొనువానిపై బడినది. జపానువారు, లెక్క ఎన్ని కార్లకే గాని ఎంత వెలకు కాదు గదా యని, ఖరీదైన కార్లు పంపసాగిరి. అంతటితో నూరకుండక గోడ దాటి లోపలికే వచ్చిరి. హోండావారు 1982లో ఒహాయో రాష్ట్రమునను, నిస్సానువారు 1983లో టెన్నెస్సీలోను, టొయోటావారు 1988లో కెంటకీలోను అమెరికా పనివారిచేతనే బండ్లు చేయింప నారంభించిరి. గోడ ఎవరిని ఆపుటకు కట్టిరో వారు పెరటిలో కాపురము పెట్టిరి.

ఇచ్చట ఒక సంగతిని నొక్కి చెప్పవలసియున్నది. కాలిఫోర్నియాలోని ఫ్రీమాంటునందు జనరల్ మోటార్సువారి కర్మాగారమొకటి యుండెను. పనికి ఎగవేతలు, నాసిపని, నిత్యకలహములు దాని పేరు. 1982లో దానిని మూసిరి. 1984లో అదే కర్మాగారమును టొయోటాతో కలిసి తెరచిరి. పనివారిలో అధికసంఖ్యాకులు వెనుకటివారే, సంఘము వెనుకటిదే. మారినది నడిపెడు తీరు మాత్రమే. లోపము కనబడినపుడు త్రాడు లాగి వరుసను ఆపు అధికారము సామాన్యపు పనివానికి దక్కెను. పని బాగుపడుటకు అతని సలహా విన మొదలిడిరి. కొలదికాలములోనే ఆ కర్మాగారపు కార్లు ఆ కంపెనీ చేయు మేలి బండ్ల సరసన నిలిచినవి. “మన పనివాడు సోమరి, అందుచే పరిశ్రమ చెడినది” యను అపవాదమునకు ఇంతకంటె సమాధానమేమి కావలెను? ఐనను కన్నులయెదుట నున్న ఈ పాఠము తక్కిన కర్మాగారములకు ప్రాకుటకు ఏండ్లు పట్టినది. గోడ కాలమునిచ్చినది, ఏలినవారు ఆ కాలమును వ్యర్థపుచ్చిరి.

మఱియొక గోడ కథ వినదగినది. 1960 ప్రాంతములందు ఐరోపా దేశములు అమెరికా కోడిమాంసముపై సుంకము పెంచినవి. దానికి ప్రతిగా అమెరికా 1964లో పరదేశపు చిన్న ట్రక్కులపై నూటికి 25 వంతుల సుంకము వేసినది. కోడి తగవు ఎన్నడో సమసినను ట్రక్కు సుంకము మాత్రము పోలేదు. ఆ నీడన పోటీ తక్కువ, లాభము ఎక్కువ. కావున మూడు కంపెనీలును ట్రక్కులయందును, ట్రక్కు చట్రముపై కట్టిన పెద్ద బండ్లయందును తమ బుద్ధిబలము నుంచి, చిన్న కారును సవతి బిడ్డవలె చూచినవి. తన దేశమున సెడాను కార్ల అమ్మకమును క్రమముగా విడిచివేయుదునని 2018లో ఫోర్డు కంపెనీయే ప్రకటించినది. మోడల్ టి ని కన్న యింట ఈ మాట వినబడుట వింతగదా!

2008లో పెట్రోలు గాలనునకు 4 డాలరులు దాటెను. వెంటనే బ్యాంకులు కూలెను. 2007లో కోటి 60 లక్షలుగానున్న అమెరికా వాహనముల అమ్మకము 2009లో కోటి నాలుగు లక్షలకు పడిపోయెను. 2009 ఏప్రిల్ 30వ తేదీన క్రైస్లరును, జూన్ 1వ తేదీన జనరల్ మోటార్సును దివాలా న్యాయస్థానమెక్కినవి. ప్రభుత్వము సుమారు 8 వేల కోట్ల డాలరులు గ్రుమ్మరించినది. అందు 900 కోట్లకు పైగా తిరిగి రాలేదు. ఆ సొమ్ము పెట్టకున్న లక్షల కుటుంబములు వీధిని బడియుండెడివి గనుక దానిని మేము తప్పుపట్టము. ఐతే మూల్యము చెల్లించినదెవరు? 2007 ఒప్పందముననే క్రొత్తగా చేరు పనివానికి పాతవాని కూలిలో సగమే యను నియమమును చేర్చియుండిరి. దివాలా కాలమున ఆ కోతలు మఱింత బిగిసినవి. ఒకే వరుసలో, ఒకే పనికి, ఇద్దరికి రెండు కూలులు! డెట్రాయిటు నగరము 2013 జూలైలో తానే దివాలా ప్రకటించినది. 2020 లెక్కలలో అచ్చటి జనసంఖ్య 6 లక్షల 39 వేలు; 1950 నాటి నగరమున మూడవవంతు మాత్రమే మిగిలినది.

2023 సెప్టెంబరులో మోటారు పనివారి సంఘము మూడు కంపెనీలపైనను ఒక్కసారిగా సమ్మె కట్టుట దాని చరిత్రలో మొదటిసారి. ఆరువారములకు నూటికి 25 వంతుల కూలి పెంపు సాధించిరి; పూర్తి కూలికి చేరుటకు 8 ఏండ్లు పట్టెడి గడువును 3 ఏండ్లకు తగ్గించుకొనిరి. ఆ మూడింటిలో క్రైస్లరు 2021 నుండి స్టెల్లాంటిసు అను సంస్థలో భాగము. దాని ప్రధాన కార్యాలయము నెదర్లాండ్సులో నున్నది. జాతీయ పరిశ్రమ యను పేరునకు జాతీయతయే సందేహాస్పదమైనది!

ఇక ముందు కాలపు బండి సంగతి. విద్యుత్తుతో నడచు కారు కొనువానికి 7,500 డాలరుల వఱకు పన్ను తగ్గింపును ఒక ప్రభుత్వము ప్రోత్సహించినది; మఱియొకటి 2025 సెప్టెంబరు 30తో దానిని ఆపివేసినది. ఒకరి మాట నమ్మి కర్మాగారములు కట్టినవారు మఱియొకరి మాటకు వానిని మార్చుకొనవలసి వచ్చినది. 2025 డిసెంబరులో ఫోర్డు కంపెనీ విద్యుద్వాహనముల పథకములను కుదించుకొని, 1,950 కోట్ల డాలరుల నష్టమును లెక్కకు తెచ్చుకొన్నది. అటు చైనా 2024లో 3 కోట్ల 10 లక్షలకు పైగా వాహనములు చేసినది. అమెరికాలో తయారైనవి కోటికి కొంచెము మించినవి. చైనాలో ఆ యేడు అమ్ముడైన క్రొత్త కార్లలో సుమారు సగము విద్యుత్తుతో పూర్తిగానో కొంతగానో నడచునవి. అమెరికాలో క్రొత్త కారు సగటు వెల 2025 సెప్టెంబరున 50 వేల డాలరులు దాటినది. కర్మాగారపు పనివాడు తాను చేసిన కారును తాను కొనగలుగుట ఫోర్డు నాటి ఘనత. నేడు ఆ ఘనత అడుగంటుచున్నది.

“జపాను, చైనాలు మాత్రము గోడలు కట్టలేదా?” యని ఆక్షేపింపవచ్చును. కట్టినవి. జపాను 1936లో చట్టము చేసి, యోకొహామాలోని ఫోర్డును, ఒసాకాలోని జనరల్ మోటార్సును కొలదియేండ్లలో సాగనంపినది. కాని గోడలోపల తమ కంపెనీలను నిద్రపోనీయలేదు. అరడజనుకు మించిన కంపెనీలు ఒకదానితో నొకటి తలపడినవి. ఇంట గెలిచినది రచ్చకెక్కవలసి యుండెను. దివాలా అంచునుండి బయటపడిన టొయోటాలోని ఐజి టొయోడా 1950లో డెట్రాయిటుకు పోయి, ఫోర్డు కర్మాగారమున వారములకొలది నిలిచి పని తీరు చూచివచ్చెను. చైనాలో నేడు డజనులకొలది కంపెనీలు వెలలు తగ్గించుకొనుచు పోరాడుచున్నవి. గోడ అందఱకు నొక్కటే. లోపల వ్యాయామశాల యున్నదా, పడకగది యున్నదా యనుటలోనే భేదము.

మనము పరులనే యెన్నుట తగదు. ఉత్తరపారాలో 1957లో మొదలైన అంబాసిడరు కారు 2014 వఱకు దాదాపు అదే రూపున వెలువడినది. పోటీలేని కాలమున దానికై జనులు ఏండ్లకొలది వేచియుండిరి. పోటీ వచ్చిన పిదప జనరల్ మోటార్సు 2017లో మన దేశమున అమ్మకము మానినది. ఫోర్డు 2021లో ఇచ్చట కార్ల తయారీ నిలుపుదుమని ప్రకటించినది. పోటీ యున్నచోట చిన్న కారును చౌకగా, నమ్మకముగా చేయుటలో ఆ మహాసంస్థలు ఇచ్చటను ఓడినవి.

కావున సుంకము విధించు ప్రతి ప్రభుత్వమును ప్రజలు మూడు ప్రశ్నలు అడుగవలయును. ఈ గోడకు గడువెంత? ఈ గడువులో పరిశ్రమ నేర్వవలసిన విద్య యేది? ఇందువలని లాభమున పనివానికి, కొనువానికి వచ్చు భాగమెంత? ఈ మూడింటికి బదులు లేనిచో కంచెయే చేను మేసినట్లగును. అమెరికా పరిశ్రమకు ఇప్పటికిని బలము మిగిలియున్నది. పనితనము గల పనివారును, అపారమైన ధనమును, శాస్త్రజ్ఞానమును దానికి కొఱత లేవు. లేనిది కాలము మాత్రమే. 1981లోను, 2009లోను దొరికిన గడువులు గడచిపోయినవి. ఇప్పుడు దొరికినది మూడవ గడువు. దీపముండగనే యిల్లు చక్కబెట్టుకొనవలెను.