పెన్ను పనిచేయలేదంటే అన్నీ ఆన్ చేయమనడమేనా?

మా అక్క జమ్మలమడుగులో పదో తరగతి పిల్లలకు ఇంట్లోనే లెక్కల ట్యూషన్ చెబుతుంది. పాఠ్యపుస్తకం పీడీఎఫ్ ఫోన్‌లో తెరిచి, టీవీకి కలిపి, స్క్రీన్ మీదే గీతలు గీసే యాప్ ఒకటి పెట్టుకుంది. అది మొరాయించినప్పుడల్లా బెంగళూరులో ఉన్న నాకు ఫోన్. సాఫ్ట్‌వేర్ తమ్ముడున్నాక తప్పదు కదా!

మొదట "పెన్ను బొమ్మే కనపడలేదురా" అంది. ఫోన్ కొన్న ప్రొద్దుటూరు అంగడాయన ఫార్మాట్ కొట్టాలన్నాడట. అక్కర్లేదు. 'డిస్‌ప్లే ఓవర్ అదర్ యాప్స్' అనే అనుమతి ఇస్తే చాలు. ఆండ్రాయిడ్ 6 (2015) దీనికి విడిగా ఒక పేజీ పెట్టింది. 11 (2020) నుంచి మాత్రం యాప్ మనల్ని నేరుగా తన స్విచ్ దగ్గరికి తీసుకుపోదు, యాప్‌ల జాబితా ముందు వదిలేస్తుంది. అక్క ఆ జాబితా చూసి ఏదో పాడయిందనుకుని వెనక్కొచ్చేసింది. తప్పు ఆమెదా?

తర్వాత "గీస్తాంటే ఉన్నట్టుండి పోతాంది". ఇది బ్యాటరీ పొదుపు చేసే పని. ఆ యాప్‌కు బ్యాటరీ సెట్టింగ్ 'అన్‌రిస్ట్రిక్టెడ్' చేస్తే చాలావరకు సర్దుకుంటుంది.

ఇంకోసారి "పేజీ జరగలేదు, ఫోన్ హ్యాంగయింది". కాలేదు. పుస్తకం మీద గాజుపలక పెట్టి దాని మీద రాస్తున్నట్టు ఊహించుకోమన్నాను. పేజీ తిప్పాలంటే ముందు పలక తీయాలి, అంటే పెన్ను ఆపాలి. లెక్కల టీచర్ కాబట్టి వెంటనే పట్టేసింది.

అసలు చెప్పాలనుకున్నది ఇప్పుడు. పులివెందులలో ఉండే వాళ్ల తోడికోడలు, యాడ్స్ రాని యాప్ అంటూ వాట్సాప్‌లో ఒక ఏపీకే పంపింది. అది యాక్సెసిబిలిటీ అనుమతి అడిగింది. 'రిస్ట్రిక్టెడ్ సెట్టింగ్' అని ఫోన్ ఒప్పుకోలేదు. నేను మీటింగులో ఉన్నా. ఆ అడ్డు ఎలా తీయాలో రెండు నిమిషాల్లో చెప్పి పెట్టేశాను. మనవాళ్లందరికీ ఉన్న రోగమే ఇది, పని జరగకపోతే ముందు అన్నీ ఆన్ చేయమంటాం.

రాత్రి అన్నం తింటుంటే వెలిగింది. బయటినుంచి తెచ్చిన యాప్‌లు ఆ అనుమతి సులువుగా తీసుకోకూడదనే ఆండ్రాయిడ్ 13 (2022)లో ఆ అడ్డు పెట్టారు. యాక్సెసిబిలిటీ చేతికిస్తే, స్క్రీన్ మీద ఉన్నది చదవడమే కాదు, మన బదులు బటన్లు కూడా నొక్కగలదు. పిల్లల ఫీజులన్నీ పడేది ఆ ఫోన్‌లోని యూపీఐ ఖాతాకే. గీతలు గీయడానికి ఆ అధికారం ఎందుకు?

పదింటికి ఫోన్ చేసి తీయించేశాను. డబ్బులేం పోలేదు, నిజానికి ఆ యాప్ మంచిదే అయ్యుండొచ్చు కూడా. కానీ ఆ సంగతి తెలుసుకోకుండానే తలుపు తీయమన్నది నేను. చదువుకున్నవాళ్లు కూడా మోసపోతున్నారని ఆఫీసులో తీరిగ్గా మాట్లాడుకునేవాళ్లలో నేనూ ఒకణ్ణి. అక్క మోసపోయి ఉంటే చదువుకున్నవాడి మాట విన్నందుకే మోసపోయేది.

మళ్లీ ప్లేస్టోర్‌లోని పాత యాపే పెట్టుకోమన్నాను. యాడ్స్ వస్తాయి మరి అంటే, "రానీలేరా, ఆ సందులో పిల్లోళ్లు నీళ్లు తాగొస్తారు" అంది.