రెండు చేతుల్లో రెండు తుపాకులు

ముఖానికి గుడ్డ కట్టుకున్న ఒకతను రాత్రిపూట ఆఫీసులో చొరబడి, అక్కడివాళ్లను కట్టేసి, డబ్బు పట్టుకుని చీకటి సందుల్లో పడతాడు. పోలీసులు వెంటపడతారు. జపాన్ దర్శకుడు యసుజిరో ఒజు 1930లో తీసిన మూకీ ‘ఆ రాత్రి భార్య’ ఇలా మొదలవుతుంది. ఈ ఉరుకులు పరుగులు కాసేపే. తర్వాత దాదాపు అంతా ఒకే గదిలో, తెల్లారేదాకా.

గదిలో జబ్బుపడ్డ చిన్న పాప. ఈ రాత్రి గడిస్తే గండం గడిచినట్టేనన్నాడు డాక్టరు. ఆ దొంగ పాప తండ్రే, బొమ్మలు గీసి బతికేవాడు. గోడల నిండా పోస్టర్లు. అతను ఇంటికొచ్చిన టాక్సీని నడిపింది డిటెక్టివ్! వెనకే లోపలికొస్తాడు. అప్పటిదాకా బిడ్డ పక్కన కూర్చున్న తల్లి భర్త తుపాకీ గురిపెట్టి, డిటెక్టివ్‌ది కూడా లాక్కుంటుంది. కిమోనో కట్టుకున్న ఇల్లాలు, రెండు చేతుల్లో రెండు తుపాకులు. తెల్లారేదాకా ఆగమంటారు, అంతే. ఆ రోజుల్లో తెర పక్కన ‘బెన్షి’ నిలబడి కథ చెప్పేవాడు. ఈ గది దగ్గరికొచ్చేసరికి ఆయన కాసేపు నోరు మెదపకపోతే బాగుండేదనిపిస్తుంది.

ఇలాంటి సినిమాల గురించి రాసేటప్పుడు ‘నైతిక పతనం’ అనేస్తుంటారు. ఆ మాటతోనే నాకు పేచీ. డిటెక్టివ్ నిద్ర నటించినప్పుడు జారుకున్న తండ్రి తనంతట తానే తిరిగొచ్చి చేతులు చాపుతాడు. ఇందులో పడిపోయిందెవరు?

ఒజు మీదా ఒక ఫిర్యాదుంది. దొంగ మంచివాడు, డిటెక్టివ్ మంచివాడు. అందరూ ఇంత మంచివాళ్లయితే బిడ్డ మందుకు తుపాకీ ఎందుకు పట్టాల్సొచ్చింది? మాంద్యం జపాన్‌ను కుదిపేస్తున్న ఏడాది అది. జనవరిలో ప్రభుత్వం డబ్బు విలువను బంగారానికి ముడిపెట్టే ‘బంగారు ప్రమాణం’ మళ్లీ పట్టుకుని ఆ దెబ్బను ఇంకా పెంచింది. తెర మీద ఆ ఊసే లేదు. మూలకథ అమెరికన్ రచయిత ఆస్కార్ షిస్గాల్‌ది, అందుకేనేమో. షోచికు స్టూడియో పెద్ద షిరో కిడోకు మాత్రం సినిమా తెగ నచ్చింది. ఒజును వేడినీటి బుగ్గల దగ్గర సేదతీరమని పంపి, వచ్చేటప్పుడు ఇంకో సినిమా తీసుకురమ్మన్నాడట. సెలవంటే అదీ!

తండ్రి వేషం వేసిన తొకిహికో ఒకాడా 1934లో క్షయతో పోయాడు. కూతురు మారికోకు అప్పటికి ఏడాది. పెద్దయ్యాక ఆమె కూడా నటి అయింది. 1960లో ఒజు కెమెరా ముందు నిలబడింది.