కనుమకు దక్కిన పేరు



రెండు కొండల నడుమ వంగి, తగ్గుగా ఉన్న చోటును మనం కనుమ అంటాము. కొండకు ఇవతలి వారు అవతలికి పోవాలంటే దారి అదే. ఈ నెల మనం తెలుసుకోబోయే కనుమలో బండి బాట లేదు, చెట్టు లేదు, ఊరు లేదు. ఉన్నదల్లా మంచు, గాలి.

దక్షిణ ధ్రువ ప్రాంతపు అంచున, అట్లాంటిక్ సముద్రంలో సౌత్ జార్జియా అనే ద్వీపమున్నది. 1775 జనవరి 17న కెప్టెన్ జేమ్స్ కుక్ దాని ఉత్తర తీరాన దిగి, ద్వీపానికి తన రాజైన మూడవ జార్జి పేరు పెట్టాడు. దిగిన అఖాతం పేరు పొసెషన్ బే, అనగా స్వాధీనపు అఖాతం. తాను వెదకిన మహాఖండం ఇది కాదని తెలిసినప్పుడు దక్షిణపు కొనకు 'నిరాశ' అని పేరు పెట్టి వెళ్లిపోయాడు. అవతలి తీరాన ఉన్న అఖాతానికి నార్వే రాజైన హాకోన్ పేరు వచ్చింది. ఈ రెండు అఖాతాల మధ్య సుమారు 300 మీటర్ల ఎత్తున ఉన్నదే మన కనుమ.

1915 నవంబరులో ఎర్నెస్ట్ షాకిల్టన్ ఓడ 'ఎండ్యూరెన్స్' మంచులో నలిగి మునిగిపోయింది. ఆయన మనుష్యులు 22 మంది ఎలిఫెంట్ దీవిలో చిక్కుకొనిపోయారు. సహాయం తెచ్చుటకు ఆయన మరి ఐదుగురితో చిన్న పడవలో దాదాపు 1,300 కిలోమీటర్లు ప్రయాణించి, 1916 మే 10న హాకోన్ అఖాతం చేరాడు. కాని తిమింగిలాల వేటగాళ్లు ఉండేది ద్వీపానికి అవతలి వైపున. ఆ ఐదుగురిలో ముగ్గురిని ఒడ్డున ఉంచి, వర్స్‌లీ, క్రీన్ అనే ఇద్దరిని వెంటబెట్టుకొని మే 19న వేకువకు ముందే ఆయన నడక మొదలుపెట్టాడు. మంచు మీద కాలు జారకుండా పడవ మరలను బూట్ల అడుగున బిగించుకున్నారు. చేతిలో ఒక తాడు, ఒక బాడిసె ఉన్నవి.

వెన్నెలలో కనుమ ఎక్కి చూడగా క్రింద గడ్డకట్టిన చెరువు వంటిది కనబడింది. సంతోషించి దిగసాగారు. తెల్లవారే కొద్దీ తెలిసింది, అది చెరువు కాదు, సముద్రం! కుక్ దిగిన అఖాతమే అది. అక్కడినుండి ఒడ్డు వెంబడి దారి లేదు. దిగినదంతా మరల ఎక్కారు. తరువాత శిఖరాల వరుస ఒకటి అడ్డం వచ్చింది. మూడు సందులలో తొంగి చూస్తే మూడు చోట్లా నిలువు లోయలే. ప్రతిసారీ వెనుకకే. నాలుగవ చోటికి చేరేసరికి ప్రొద్దు వాలుతున్నది, వెనుకనుండి పొగమంచు కమ్ముకొస్తున్నది. అక్కడే ఉంటే చలికి చావు తప్పదు. తాడు చుట్టగా చుట్టి, దాని మీద ఒకరి వెనుక ఒకరు కూర్చొని, చీకటిలోకి జారిపోయారు. క్షేమంగా క్రిందికి చేరారు!

36 గంటల నడక తరువాత మే 20న స్ట్రోమ్‌నెస్ చేరారు. ఒడ్డున విడిచిన ముగ్గురిని వెంటనే తెప్పించారు. మూడుసార్లు విఫలమైన పిమ్మట, ఆగస్టు 30న చిలీ దేశపు నౌక 'యెల్చో'లో వెళ్లి 22 మందినీ ప్రాణాలతో తీసికొనివచ్చారు.

ఆ దారిలో తాము ముగ్గురం కాదు, నలుగురం అన్నట్లు తనకు తరచు అనిపించిందని షాకిల్టన్ తన గ్రంథంలో వ్రాశాడు. వర్స్‌లీ కూడ అలాగే తలంచాడట. షద్రకు, మేషాకు, అబేద్నెగోల సంగతి ఎరిగిన మనకు ఈ మాట వింతగా తోచదు.

1951–57 మధ్య డంకన్ కార్స్ బృందాలు ఆ ద్వీపాన్ని కొలిచి వివరమైన పటం గీశాయి. నేటి పటంలో ఆ కనుమ పేరు షాకిల్టన్ గ్యాప్. దగ్గరలో ఒక పర్వతం పేరు వర్స్‌లీ, ఒక హిమానీనదం పేరు క్రీన్.

చూడండి, ఒక్క ద్వీపం మీదనే రాజుల పేర్లున్నవి, స్వాధీనం ఉన్నది, నిరాశ ఉన్నది. అయితే కనుమ పేరు మాత్రం దానిని నాదన్న వానిది కాదు, అవతల ఎదురు చూస్తున్న వారికొరకు దానిని దాటిన వానిది. దారి తప్పానని తెలిసినప్పుడు సిగ్గుపడక వెనుదిరిగి, మరల ఎక్కినవాడు ఆయన. మీ పిల్లలు బడి పటం తెరచినప్పుడు దక్షిణ అట్లాంటిక్‌లో ఆ చిన్న చుక్కను వెదకి చూపించండి. ఈ కథ చెప్పండి.