ఫోనులో కారు ధర, చేతికొచ్చేసరికి కారు ధర

2025 సెప్టెంబరు 22న జీఎస్టీ తగ్గడంతో చిన్న కార్ల కొనుగోళ్లకు మళ్లీ ఊపు వచ్చింది. నాలుగు మీటర్ల లోపు, 1200 సీసీ మించని పెట్రోలు కారుపై 28 శాతం పన్నూ, ఆపై సెస్సూ ఉండేవి. ఇప్పుడు అంతా కలిపి 18 శాతమే. అంతకుముందు కొన్నేళ్లుగా మార్కెట్ ఎస్‌యూవీల వైపే మొగ్గింది.

కొనేవారు షోరూముకు వెళ్లకముందే ఫోనులో వెతుకుతున్నారు. డీలర్లూ అక్కడే కాచుకుని ఉన్నారు. ధర చూద్దామని నంబరు ఇస్తే చాలు, వెంటనే ఫోను మోగుతుంది.

మన కుటుంబాలకు ఇక్కడో చిక్కుంది. తెలుగులో వెతికితే ఎక్కువగా కనబడేవి హైదరాబాదు, విజయవాడ ధరలు. రోడ్డు పన్ను మాత్రం బండి రిజిస్టరయ్యే రాష్ట్రానిది. హోసూరులో 8 లక్షల కారుకు తమిళనాడు రేటు 13 శాతం చొప్పున 1,04,000 రూపాయలు అవుతుంది. బీమా వేరు. ఇవేవీ కలపని ఎక్స్‌షోరూమ్ ధరే ప్రకటనల్లో పెద్దక్షరాల్లో ఉంటుంది. బీమా డీలరు దగ్గరే తీసుకోవాలన్న నిబంధన లేదు.

అందుకే ఆన్‌రోడ్ ధరను పద్దులవారీగా రాయించుకోండి. ఆ కాగితాన్ని ఎనిమిదో తరగతి పిల్లల చేత లెక్క కట్టించండి. శాతాల పాఠానికి అంతకన్నా మంచి లెక్క దొరకదు. తప్పేదైనా ఉంటే డబ్బు కట్టకముందే బయటపడుతుంది.