మూసను కాదన్న సయీద్ మీర్జా

హిందీ సినిమాలో ముస్లిం అంటే చాలాకాలం నవాబు, ఖవ్వాలీ గాయకుడు, లేదా నేరస్థుడు. సయీద్ అఖ్తర్ మీర్జా ఈ మూసను అంగీకరించలేదు. 1989 నాటి ‘సలీం లంగ్డే పే మత్ రో’లో బొంబాయి వీధి రౌడీనే కథానాయకుణ్ణి చేసి, అతణ్ణి అటు నెట్టిన పేదరికాన్నీ, అభద్రతనూ చూపారు. 1995లో ‘నసీమ్’ తీశారు. బాబ్రీ మసీదు కూల్చివేతకు ముందు నెలల భయాన్ని ఒక బాలిక, ఆమె తాతల అనుబంధం ద్వారా చెప్పారు. కైఫీ ఆజ్మీ పోషించిన ఆ తాత 1992 డిసెంబరు 6నే కన్నుమూస్తాడు. ఉత్తమ దర్శకుడిగా జాతీయ పురస్కారం లభించినా, ఆ తర్వాత మీర్జా చాలా ఏళ్లు కథాచిత్రం తీయలేదు.

హక్కుల ఉద్యమంలో వినతిపత్రాలకున్న విలువే ఇలాంటి చిత్రాలకూ ఉందని మేము భావిస్తున్నాం. తెరపై సలీంను మనిషిగా గుర్తించినవారు వీధిలోని సలీంను అనుమానించేముందు ఒక క్షణం ఆగుతారు. ఈ చిత్రాలను పిల్లలతో కలిసి చూద్దాం, ఇరుగుపొరుగునూ పిలుద్దాం.