గబ్బిలాన్ని బొమ్మకట్టే ముందు

జాషువా 'గబ్బిలం'ని యానిమేషన్ షార్ట్ ఫిల్మ్‌గా తీద్దామనే మాట ఇప్పుడు విద్యార్థుల నోట తేలిగ్గా రావచ్చు. సెకనుకు 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములకు వాడుకున్నా అయిదు నిమిషాలకు 3,600 బొమ్మలు కావాలి. చేత్తో గీసే రోజుల్లో ఈ లెక్కే భయపెట్టేది. కృత్రిమ మేధ వచ్చాక ఆ భయం తగ్గింది. అసలు చిక్కు ప్రతీక దగ్గరుంది.

కవితను సినిమా చేసేటప్పుడు విప్పి చెప్పొద్దు, సూచించి వదిలెయ్యాలి అంటారు. ఫ్రెంచి ప్రతీకవాదులు నమ్మిన సూత్రమిది. వస్తువు పేరు చెప్పేస్తే కవితానందం చాలావరకు పోతుందన్నాడు మల్లార్మే. ఆయనకది ఇష్టపడి ఎంచుకున్న దారి. 1941 నాటి 'గబ్బిలం'లో అరుంధతీసుతుడికి ఆ ఎంపిక ఎక్కడిది? గుడిలోకి రానివ్వరు కాబట్టే తన గోడు శివుడికి గబ్బిలంతో చెప్పి పంపాడు. ఈ రెండు మౌనాలను ఒకే గాటన కట్టలేం.

ఒక గుడిసె, కాస్త వెన్నెల, ముఖం లేని ఒక నీడ గీసి 'పేదవాడి వేదన' అనేయొచ్చు. చూడ్డానికి బాగుంటుంది కూడా. కానీ ఆ నీడకు కులం ఉండదు, కాబట్టి దాన్ని వెలివేసిన వాళ్లూ ఉండరు. అందరూ హాయిగా కంటతడి పెట్టుకుని వెళ్లిపోతారు.

గబ్బిలం సంగతీ అంతే. సినిమాలు దాన్ని డ్రాక్యులా కోటకు కట్టేశాయి. జాషువా గబ్బిలం ఆడది, పక్షులకు రాణి. ఇంట్లోకొస్తే అశుభం అనిపించుకునే ఆ ప్రాణి గుడి కప్పుకు వేలాడితే మాత్రం మైల లేదు. వేలాడుతున్నప్పుడు శివుడి చెవి దగ్గరగా ఉంటుంది, పూజారి లేనప్పుడు నా కథ చెప్పమంటాడు. నన్నడిగితే ఫిల్మ్ మొత్తం ఈ ఒక్క ఘట్టంతోనే తీయొచ్చు. ఆమె కళ్లతో చూస్తే గర్భగుడి తలకిందులుగా కనిపిస్తుంది. పూజారి అడుగుల చప్పుడు దూరమవుతుంది. బయట గుమ్మం ముందు విడిచిన చెప్పుల వరస. అవి కుట్టింది అతనే. కావ్యంలో అతను చెప్పులు కుట్టే మనిషి. ఆ చేతుల్ని, ఆరెని, తోలుని దగ్గరగా చూపించండి. కొత్త ప్రతీక వెతుక్కోనక్కర్లేదు.

ఇంకో మాట. మన చట్టం ప్రకారం రచయిత పోయాక 60 ఏళ్లు కాపీరైటు ఉంటుంది. జాషువా చనిపోయింది 1971లో. పద్యాలు వాడుకునేట్టయితే ముందు అనుమతి సంగతి చూసుకోండి.