ఒక రెక్క సాక్ష్యం

మొదటి వాన వెలిసిన రాత్రి వెంకటాచలంలో వీధిదీపం కింద ఉసిళ్లు లేస్తాయి. తెల్లారి చూస్తే తొట్టి నీళ్లమీద రెక్కలే తేలుతుంటాయి. వేలితో నలిపితే పొడిపొడి. అంత పలచని రెక్క రాయిలో కోట్ల ఏళ్లు నిలిచిన చోటు ఒకటుంది. ప్రాణహిత ఒడ్డున, సిరోంచ దగ్గర కోట అనే ఊరు (మన వాకాడు పక్కనున్న కోట కాదు). ఆ ఊరి పేరుతో పిలిచే జురాసిక్ శిలల్లో బొద్దింకల, పెంకుపురుగుల శిలాజాలు దొరికాయి. అవే శిలల్లో బయటపడిన కోటసారస్ అనే రాక్షసబల్లి అస్థిపంజరం హైదరాబాదు బిర్లా సైన్స్ సెంటర్‌లో నిలబడి ఉంది. పిల్లలంతా దాని ముందే ఆగిపోతారు. నాకు మాత్రం పురుగే గట్టి సాక్షి. పెద్ద ఎముకను వరద ఎక్కడినుంచైనా దొర్లించుకొస్తుంది. రెక్కకు అంత ప్రయాణం తట్టుకునే ఓపిక లేదు. నిలకడ నీళ్లలో పడి, మెత్తటి బురద మెల్లగా కప్పితేనే దాని సన్నటి ఈనెలు అచ్చుపడతాయి. అంటే అక్కడ కదలని మడుగు ఉండి ఉండాలి, ఒడ్డున కుళ్లుతున్న ఆకుల తుక్కు, ఆ తుక్కులో మేసే బొద్దింకలు. రాక్షసబల్లి నీళ్లు తాగిన ఊరు ఎలా ఉండేదో నాకు ఆ ఈనెలే చెబుతాయి. ఆ అస్థిపంజరం కాళ్ల దగ్గర, భూతద్దం కింద, ఒక్క బొద్దింక రెక్కను పెట్టి పిల్లలకు చూపించాలని నా కోరిక.